కస్సీలో కలాంక్‌ల బోటు ఎక్కడం ఎలా: గాలి చూసుకోవడం నుంచి సీటు పట్టడం దాకా

ఫ్రాన్స్‌లో చదువుకుంటున్న పిల్లల్ని చూడ్డానికి వచ్చే అమ్మానాన్నలు, ప్యారిస్ చూసేశాక "దక్షిణం వైపు కూడా ఓ రెండ్రోజులు వెళ్దాం" అనుకునే జంటలు, అందరూ తిప్పి తిప్పి ఒకటే అడుగుతున్నారు. మార్సెయ్ పక్కన తెల్ల కొండల మధ్యకి బోటు వెళ్తుంది కదా, అది ఎక్కడ ఎక్కాలి, ముందే బుక్ చేసుకోవాలా, ఏ టికెట్ తీసుకోవాలి, అమ్మకి మోకాళ్ల నొప్పి, ఎక్కగలదా? ఒక్కొక్కరికీ విడిగా చెప్పే బదులు మొత్తం ఇక్కడ రాసేస్తున్నా.

కలాంక్ అంటే ఏంటో రెండు ముక్కల్లో: సున్నపురాయి కొండల్లోకి సముద్రం సన్నగా చొచ్చుకొచ్చిన పాయ. మార్సెయ్ నుంచి, దానికి తూర్పున ఉన్న చిన్న రేవు ఊరు కస్సీ దాకా తీరం పొడవునా ఇవే. 2012లో ఈ ప్రాంతాన్ని నేషనల్ పార్క్ చేశారు. బోటు ఎక్కడానికి ఇంతకంటే థియరీ అక్కర్లేదు.

ఒక్కటి మాత్రం ముందే చెప్పేస్తా, ఎందుకంటే సగం మంది ఇక్కడే దెబ్బతింటారు. ఈ ట్రిప్‌కి రోజు పెట్టుకునేది క్యాలెండర్ చూసి కాదు, గాలి చూసి. "ఆదివారం కస్సీ, సోమవారం పొద్దున ఫ్లైట్" అని ప్లాన్ చేసుకుంటే ఆ ఆదివారం గాలి వీచిందా, ఇక రేవులో ఐస్‌క్రీమ్ తిని వెనక్కి రావడమే. ఆ ప్రాంతంలో కనీసం రెండు మూడు రోజులు ఉండేలా చూసుకుని, అందులో గాలి తక్కువున్న రోజుని బోటుకి కేటాయించండి. మిగతా రోజులు మార్సెయ్‌కి సరిపోతాయి.

ఏమేం కావాలి

- పల్చటి విండ్‌చీటర్. జూలైలో కూడా. రేవులో చెమటలు పడుతుంటాయి, కొండ మలుపు తిరగ్గానే పైడెక్ మీద వణుకు మొదలవుతుంది.
- మడమ లేని, జారని చెప్పులో బూట్లో.
- టోపీ అయితే గడ్డం కింద తాడు ఉన్నది. తాడు లేని టోపీ సముద్రానికి సమర్పించుకున్నట్టే.
- నల్లకళ్లద్దాలు, సన్‌స్క్రీన్, మంచినీళ్లు. తెల్లరాయి, నీళ్లు రెండూ ఎండని మొహం మీదకే కొడతాయి.
- కడుపులో తిప్పే అలవాటుంటే మాత్ర (కింద 6వ స్టెప్‌లో చెప్తా).
- ఫోన్‌కి మెడలో వేసుకునే తాడు, ఒక జిప్ కవర్. ఉప్పునీటి తుంపర తప్పదు.
- కార్డుతో పాటు కొంచెం నగదు.

చీర కట్టుకునే అమ్మలకి ఒక మాట: డ్రెస్ వేసుకుంటే మంచిది. లేదూ చీరే అంటే కొంగు గట్టిగా పిన్ను పెట్టి నడుంలో దోపుకోవాలి. పైడెక్ మీద గాలి ఒక్కసారి కొంగు కిందకి దూరిందంటే ఒక చేత్తో రెయిలింగ్, ఇంకో చేత్తో కొంగు, ఇక ఫోటోలు తీసేది ఎవరు?

స్టెప్ 1: ముందు రోజు సాయంత్రం గాలి చూడండి

ఇక్కడ వీచే ముఖ్యమైన గాలి పేరు మిస్త్రాల్. రోన్ నది లోయ వెంట ఉత్తరం వైపు నుంచి దిగొస్తుంది, చల్లగా, పొడిగా, చాలా జోరుగా. దీంతో ఉన్న తమాషా ఏంటంటే మిస్త్రాల్ వీచే రోజు ఆకాశంలో మబ్బుతునక ఉండదు, నీలంగా మెరిసిపోతుంటుంది. మనకేమో సముద్రం పోటెత్తిందంటే మబ్బు, వాన, వాయుగుండం గుర్తొస్తాయి. అందుకే హోటల్ కిటికీలోంచి చూసి "ఆహా, ఎంత బాగుందో, పదండి పదండి" అని బయల్దేరతారు. రేవుకి వెళ్లాక గానీ బోట్లన్నీ కట్టేసి ఉన్నాయని తెలీదు.

అందుకని ఫోన్‌లో మామూలు వెదర్ యాప్‌లో సూర్యుడి బొమ్మ చూసి నిర్ణయించకండి. విండీ లాంటి యాప్ తెరిచి, మ్యాప్‌లో ఊరి మీద కాకుండా కస్సీ ముందున్న సముద్రం మీద వేలు పెట్టి, మర్నాడు ఉదయం 9 నుంచి మధ్యాహ్నం 1 వరకు గాలి ఎంతుందో చూడండి. గాలితో పాటు అలల ఎత్తు కూడా. నా లెక్క ఇది:

- 10 నాట్ల లోపు: హాయిగా వెళ్లండి, పిల్లలు, పెద్దవాళ్లు, అందరూ.
- 10 నుంచి 15: వెళ్లొచ్చు, ఊగుతుంది. పెద్దవాళ్లుంటే చిన్న రౌండ్ చాలు.
- 15 దాటి 20 వైపు పోతుంటే: రేవుకి వెళ్లి అడిగేదాకా నమ్మకం పెట్టుకోవద్దు. పెద్ద రౌండ్లు ఆపేసి చిన్నవి మాత్రమే నడిపే అవకాశం ఉంది.
- అంతకంటే ఎక్కువ: వేరే పని చూసుకోండి.

నాట్ అంటే గంటకి 1.85 కిలోమీటర్లు. యాప్ కిలోమీటర్లలో చూపిస్తుంటే సెట్టింగ్స్‌లో మార్చుకోండి, లేకపోతే 30 చూసి బెంబేలెత్తిపోతారు, నిజానికి అది 16 నాట్లే. ఇంకోటి, సగటు గాలితో పాటు విసురు (మధ్యమధ్యలో ఒక్కసారిగా పెరిగే గాలి) ఎంతో కూడా చూడాలి. సగటు 12 ఉండి విసురు 28 ఉంటే ఆ రోజు 12 రోజు కాదు.

తూర్పు గాలిని కూడా తక్కువ అంచనా వేయొద్దు. యాప్‌లో గాలి అంకె చిన్నగానే ఉన్నా తూర్పు, ఆగ్నేయం నుంచి వచ్చే అలలు నేరుగా కలాంక్‌ల నోట్లోకి కొడతాయి.

స్టెప్ 2: కస్సీ నుంచా, మార్సెయ్ నుంచా తేల్చుకోండి

మార్సెయ్ పాత రేవు, వ్యూ పోర్, నుంచి కూడా బోట్లున్నాయి. అక్కడి నుంచి పూర్తి రౌండ్ మూడు గంటలు దాటుతుంది. నగరం, ఫ్రియూల్ దీవులు, షాతో దిఫ్ కోట అన్నీ సముద్రం మీంచి కనిపిస్తాయి, ట్రైన్ ఎక్కే పని లేదు. కానీ అసలు కలాంక్‌లు మొదలయ్యేసరికే చాలాసేపు పడుతుంది, దారంతా బయటి సముద్రం, ఊపు ఎక్కువ.

కస్సీ నుంచైతే బోటు రేవు దాటిన కాసేపటికే మొదటి కలాంక్‌లో ఉంటారు. పిల్లలు, పెద్దవాళ్లు, కడుపులో తిప్పేవాళ్లు ఉంటే ఆలోచించకుండా కస్సీ. నా ఓటు మామూలుగా కూడా కస్సీకే. ఇక్కడి నుంచి రాసేదంతా కస్సీ లెక్కే.

స్టెప్ 3: కస్సీ చేరడం

మార్సెయ్ సాన్ షార్ల్ స్టేషన్ నుంచి తూలోన్ వైపు వెళ్లే లోకల్ ట్రైన్, టీఈఆర్ అంటారు, సుమారు 25 నిమిషాలు. ఆ వైపు వెళ్లే ప్రతి ట్రైనూ కస్సీలో ఆగదు, బోర్డు మీద స్టేషన్ల జాబితాలో కస్సీ పేరు ఉందో లేదో చూసి ఎక్కండి. ఒబాన్య్ దాటాక కస్సీ వస్తుంది. లా సియొతా అని కనిపించిందంటే దాటేసినట్టే, దిగి వెనక్కి వచ్చే ట్రైన్ పట్టుకోవాలి.

అసలు చిక్కు ఇక్కడ: కస్సీ స్టేషన్ రేవు దగ్గర లేదు. ఊరికి పైన, మూడు కిలోమీటర్ల పైనే దూరం. మ్యాప్‌లో "కస్సీ స్టేషన్" చూసి దిగగానే సముద్రం కనిపిస్తుందనుకుని, 10 గంటలకి ట్రైన్ దిగి 10:15 బోటు ఎక్కుదామని లెక్కేసుకునేవాళ్లు బోలెడు మంది. స్టేషన్ బయట నుంచి ఊళ్లోకి బస్సుంది. బస్సు టైములకి తగ్గట్టు ట్రైన్ ఎంచుకోండి. నడిస్తే ముప్పావుగంట, వెళ్లేటప్పుడు దిగుడే, తిరిగొచ్చేటప్పుడు తెలుస్తుంది అసలు సంగతి.

కారైతే ఎండాకాలంలో ఊళ్లోకి తీసుకెళ్లకండి. పైన గోర్గెట్ పార్కింగ్‌లో పెట్టి షటిల్ బస్సులో దిగండి. బుధ, శుక్రవారాలు పొద్దున సంత, ఆ రోజుల్లో కింద పార్కింగ్ గురించి మర్చిపోవచ్చు.

స్టెప్ 4: టికెట్

కస్సీ రేవు గట్టు మీద టికెట్ల కియోస్కు ఉంటుంది. పద్ధతి సింపుల్: ఏ రోజుకారోజు అక్కడికి వెళ్లి కొనుక్కోవడం. వారం ముందే ఆన్‌లైన్‌లో బుక్ అవ్వట్లేదని టెన్షన్ పడకండి, గాలి సంగతి తెలిసిన ఊళ్లో అలా ఉండటమే మనకి మంచిది. పైగా "కస్సీ బోటు" అని వెతికితే రెట్టింపు రేటుకి ప్రైవేటు టూర్లు అమ్మే సైట్లు ముందు కనిపిస్తాయి, వాటిలో పడొద్దు.

కియోస్కు బోర్డు మీద ఎన్ని కలాంక్‌లో, ఎంత రేటో రాసి ఉంటుంది. సుమారుగా ఇలా:

- 3 కలాంక్‌లు: ముప్పావుగంట. పోర్ మియు, పోర్ పాన్, ఆన్వో.
- 5 కలాంక్‌లు: గంట, గంటా పావు. పై మూడూ కాక ఊల్, దెవెన్సోన్.
- 8 కలాంక్‌లు: గంటన్నర. ఇంకా ముందుకి, సుజిటోన్, మోర్జియు దాకా.
- 9: రెండు గంటల దాకా. చివరిది సోర్మియు.

అంకె పెద్దదైతే ట్రిప్ గొప్పదని మనవాళ్లకి ఒక నమ్మకం. కానీ అందమైన ఆ మూడూ అన్ని టికెట్లలోనూ ఉన్నాయి. దూరం పెరిగేకొద్దీ బయటి సముద్రంలో ప్రయాణం పెరుగుతుంది. నన్నడిగితే మొదటిసారి వెళ్లేవాళ్లకి 5 సరైనది: దెవెన్సోన్ దగ్గర మూడు వందల మీటర్ల గోడలు సముద్రంలోంచి నిటారుగా లేస్తాయి, అది చూడకుండా వెనక్కి రావడం నష్టమే. రెండేళ్ల పిల్లాడున్నా, నానమ్మ ఉన్నా 3. ఫోటోగ్రఫీ పిచ్చి ఉండి సముద్రం చదునుగా ఉంటే 8.

టికెట్ చేతికి రాగానే అక్కడే నిలబడి మూడు చూడండి: ఎన్ని కలాంక్‌లు, ఎన్ని గంటల బోటు, ఎంతమందికి. భాష రాక వేళ్లు చూపించి కొన్నప్పుడు "ముగ్గురికి" అన్నది "3 కలాంక్‌లకి" అయిపోవడం చాలా మామూలు. అంకెని కాగితం మీద రాసి చూపించడం బెస్ట్. పిల్లల వయసు కూడా చెప్పండి, రేటు మారుతుంది.

స్టెప్ 5: ఏ టైముకి

ఉదయం. 10, 11 గంటల ప్రాంతం. కారణాలు రెండు. ఎండాకాలం మధ్యాహ్నం అయ్యేసరికి గాలి లేస్తుంది, క్యూ కూడా పెరుగుతుంది. రెండోది వెలుతురు: బోటు కస్సీ నుంచి పడమరకి వెళ్తుంది, పొద్దున సూర్యుడు వెనక ఉంటాడు, తెల్ల గోడల మీద వెలుగు పడుతుంది. సాయంత్రం అదే దారిలో సూర్యుడు మొహం మీద, ఫోటోలో కొండ నల్లగా వస్తుంది.

మరీ పొద్దున్నే వెళ్లినా లాభం లేదు. ఆన్వో చాలా ఇరుకు, రెండు వైపులా నిలువు గోడలు. సూర్యుడు కొంచెం పైకి వస్తేనే నీళ్ల మీద వెలుతురు పడి ఆ పచ్చ, నీలం రంగులు తేలతాయి. అంతకు ముందు సగం కలాంక్ నీడలోనే ఉంటుంది.

స్టెప్ 6: ఎక్కే ముందు

మాత్ర వేసుకోవాలంటే బయల్దేరడానికి అరగంట, గంట ముందే. తిప్పడం మొదలయ్యాక వేసుకుంటే అది పనిచేసేలోపు బోటు తిరిగి రేవుకి వచ్చేస్తుంది. మనవాళ్లు ఇంటి నుంచి తెచ్చుకునే అవోమిన్ నిద్ర తెప్పిస్తుంది, బీపీ, షుగర్ మందులు వాడేవాళ్లు డాక్టర్‌ని అడిగే పెట్టుకోండి. ఖాళీ కడుపు వద్దు, నిండు కడుపూ వద్దు. రెండు బ్రెడ్ ముక్కలు, ఒక అరటిపండు చాలు.

బాత్రూమ్ పని రేవులోనే ముగించుకోండి. బోటులో ఉంటుందని ఆశపడొద్దు.

పాపికొండల లాంచీలా టిఫిన్, భోజనం, పాటలు, డాన్సులు ఏమీ ఉండవు. కూర్చోబెడతారు, తిప్పుతారు, దింపుతారు. పులిహోర డబ్బా తెచ్చుకుంటే రేవు బెంచీ మీద తినండి, అక్కడ కూడా చేతిలో పట్టుకుని కబుర్లు చెప్పకండి, గబియాన్ అని పెద్ద సీగల్స్ ఉంటాయి, నోటి దాకా వెళ్లింది కూడా లాక్కుపోతాయి. శాకాహారులకి ఒక మంచి వార్త: మార్సెయ్ వైపు పనిస్ అని శనగపిండి ఉడకబెట్టి ముక్కలు కోసి నూనెలో వేయిస్తారు. దొరికితే వదలొద్దు. పాన్ బాన్యా అని కనిపించే గుండ్రటి శాండ్‌విచ్‌లో మాత్రం ట్యూనా చేప ఉంటుంది, చూసి కొనండి.

రేవుకి 20 నిమిషాల ముందు ఉండండి. "ఐదు నిమిషాలు ఆపండి, మావాళ్లు వస్తున్నారు" అంటే ఎవరూ ఆపరు.

స్టెప్ 7: సీటు

వెళ్లేటప్పుడు తీరం మీ కుడి చేతి వైపు, వచ్చేటప్పుడు ఎడమ వైపు. కలాంక్ లోపలికి వెళ్లాక బోటు గిర్రున తిరుగుతుంది కాబట్టి రెండు వైపులా కనిపిస్తుంది, సీటు కోసం గొడవపడక్కర్లేదు. ఎంచుకునే వీలుంటే వెళ్లేటప్పుడు కుడివైపు, బోటు మధ్యలో గానీ వెనక గానీ. ముందు భాగం పిల్లలు ఇష్టపడతారు, కానీ ఎక్కువ ఎగిరేది అక్కడే, నీళ్లు పడేదీ అక్కడే. తిప్పుతున్నట్టుంటే ఫోన్ జేబులో పెట్టి దూరంగా సముద్రం, ఆకాశం కలిసే గీత వైపు చూడండి.

మోకాళ్ల నొప్పి ఉన్నవాళ్ల సంగతి: గట్టు నుంచి బోటులోకి చిన్న పలక మీదుగా అడుగేయాలి, సిబ్బంది చెయ్యి అందిస్తారు. పట్టుకుని రెండు మెట్లు ఎక్కగలిగితే పర్వాలేదు. పైడెక్‌కి మాత్రం పంపకండి, కిందే కూర్చోబెట్టండి.

కూర్చున్నాక లైఫ్ జాకెట్లు ఎక్కడున్నాయో ఒకసారి చూసుకోండి. ఇక్కడ అందరికీ తొడిగించరు, సీట్ల కిందో పెట్టెల్లోనో ఉంచుతారు. కచ్చులూరు ప్రమాదం తర్వాత మనవాళ్లు బోటెక్కగానే ముందు జాకెట్ అడుగుతున్నారు, మంచి అలవాటు, చిన్నపిల్లలకైతే మొహమాటపడకుండా అడగండి.

స్టెప్ 8: ఏది ఏదో గుర్తుపట్టడం

బోటులో చెప్పేది ఎక్కువగా ఫ్రెంచిలో, మైకులో, ఇంజిన్ చప్పుడు మధ్య. అందుకే ఈ గుర్తులు ముందే ఫోన్‌లో సేవ్ చేసుకోండి.

రేవు దాటగానే వెనక్కి తిరిగి చూడండి, తూర్పున ఎర్రటి పెద్ద కొండ ఉంటుంది. అది కాప్ కనాయ్, 394 మీటర్లు. అది ఎర్రగా, మీరు వెళ్లేవైపు తెల్లగా, రెండూ ఒకే ఫ్రేమ్‌లో దొరికేది ఇప్పుడే.

మొదట వచ్చేది పోర్ మియు. కిలోమీటరు పైగా పొడవు, వరసగా వందల పడవలు, తెరచాప కొయ్యలు. ఒడ్డున పాత రాతి క్వారీ ఆనవాళ్లు. చాలామంది ఇదేనా కలాంక్ అని నిరుత్సాహపడేది ఇక్కడే, ఆగండి.

రెండోది పోర్ పాన్. చిన్నది, పైన్ చెట్లు నీళ్ల దాకా దిగుతాయి, చివర చిన్న బీచ్.

మూడోది ఆన్వో. బోటు వేగం తగ్గుతుంది, గోడలు దగ్గరికొస్తాయి, తెల్లరాయి మీద నీటి నీలం కదులుతూ కనిపిస్తుంది. తలెత్తి చూస్తే గోడకి అతుక్కుని ఎక్కుతున్న మనుషులు చిన్న రంగు చుక్కల్లా కనిపిస్తారు. వీడియో తీయాలనుకుంటే బ్యాటరీ దీనికోసం దాచండి.

8 కలాంక్‌ల టికెట్ తీసుకున్నవాళ్లు మోర్జియు దగ్గర ఇంకో సంగతి గుర్తు చేసుకోండి. ఆ కొండ కింద, సముద్రంలో 37 మీటర్ల లోతున ద్వారం ఉన్న కోస్కెర్ గుహ ఉంది. 1985లో ఒక డైవర్ కనిపెట్టాడు. ఆదిమానవుల గుర్రాలు, చేతి ముద్రలు, పెంగ్విన్‌లా ఉండే పక్షుల బొమ్మలున్నాయి లోపల. బోటులోంచి ఏమీ కనపడదు. దాని నమూనాని 2022 నుంచి మార్సెయ్‌లో చూడొచ్చు.

ఫోటోకి ఒక్క చిట్కా: తెల్లరాయి వల్ల ఫోన్ గందరగోళపడి కొండని తెల్ల కాగితంలా చేసేస్తుంది. తెర మీద కొండని నొక్కి పట్టుకుని వెలుగు కొంచెం తగ్గించండి. మొదటి కలాంక్‌లోనే ఒక ఫోటో తీసి, నీడలో పట్టుకుని పెద్దది చేసి చూడండి, రాతి గీతలు కనిపిస్తే సెట్టింగ్ సరిగ్గా ఉన్నట్టు.

సరిగ్గా జరిగిందా లేదా

పడవల వరస, పైన్ చెట్ల బీచ్, ఇరుకు తెల్లగోడలు, ఈ మూడూ చూశారంటే 3 పూర్తి. ఆ తర్వాత బయటికి వచ్చి పడమరకే సాగి, తల వెనక్కి వాల్చితే గానీ శిఖరం కనపడని గోడ కిందకి వెళ్తే 5. ఆన్వో కాగానే బోటు కస్సీ వైపు తిరిగిందంటే మీది 3 కలాంక్‌ల రౌండ్ అన్నమాట. టికెట్ మీద 5 ఉండి ఇలా జరిగితే దిగగానే కియోస్కులో అడగండి, టికెట్ పారేయకండి.

మళ్లీ మళ్లీ వచ్చే ప్రశ్నలు

మధ్యలో దిగి ఈదొచ్చా? ఈ బోట్లు ఎక్కడా ఆగవు, దింపవు. ఈత కావాలంటే మార్సెయ్ నుంచి ఒక పూటంతా తిప్పి, ఈతకి ఆపే బోట్లు వేరే ఉంటాయి. మిస్త్రాల్ వీచి వెళ్లిన మర్నాడు మాత్రం నీళ్లలో చెయ్యి పెట్టి చూసే దూకండి. పైనున్న వెచ్చటి నీటిని గాలి సముద్రంలోకి తోసేసి అడుగు నీళ్లు పైకి తెస్తుంది, జూలైలో కూడా 15, 16 డిగ్రీలకి పడిపోతుంది.

సొంతంగా బోటు అద్దెకి? ఇంజిన్ 6 హార్స్‌పవర్ దాటితే ఫ్రాన్స్‌లో లైసెన్సు కావాలి. కొత్తవాళ్లకి సలహా ఇవ్వను. కయాక్ అయితే గాలి లేని పొద్దున పర్వాలేదు.

బోటు రద్దయితే? గాలి బాగా ఉంటే కాప్ కనాయ్ మీదుగా వెళ్లే కొండ రోడ్డు కూడా మూసేస్తారు, ట్యాక్సీ మాట్లాడే ముందు కనుక్కోండి. కస్సీ నుంచి పోర్ పాన్‌కి నడక దారి ఉంది, తీరిగ్గా వెళ్తే గంట. కానీ జూన్ 1 నుంచి సెప్టెంబరు 30 దాకా అడవి మంటల భయంతో రోజూ రంగు ప్రకటిస్తారు, ఎరుపైతే నడక బంద్. మర్నాటి రంగు ముందు రోజు సాయంత్రమే 'మే కలాంక్' యాప్‌లో వచ్చేస్తుంది. ఈ మూసివేత కొండ దారులకే, గాలి లేకపోతే బోట్లు తిరుగుతూనే ఉంటాయి. నడక కూడా కుదరకపోతే తిరిగి మార్సెయ్ వెళ్లి కోస్కెర్ నమూనా గుహ చూడండి, అక్కడ గాలితో పని లేదు.

వెనక్కి వెళ్లే బస్సు? దిగేటప్పుడే స్టాపులో ఉన్న టైమ్‌టేబుల్‌ని ఫోటో తీసి పెట్టుకోండి. సాయంత్రం బస్సుల మధ్య గ్యాప్ ఎక్కువ, చివరిది తప్పిపోతే స్టేషన్ దాకా ఆ మూడు కిలోమీటర్లు ఎత్తు ఎక్కాలి.